సబాటిని: పద్దెనిమిది సెమీఫైనళ్ళు, ఒక్క కప్పు

గోడమీది పోస్టరు:

మొన్న పాత ఇల్లు ఖాళీ చేస్తుంటే అటక మీది ట్రంకు పెట్టె అడుగున స్పోర్ట్‌స్టార్ నడిమి పేజీ ఒకటి బయటపడింది. నాలుగు మడతలు, నాలుగు మూలలా ఎండి పెళుసెక్కిన అన్నం మెతుకులు. హాస్టల్లో జిగురు కొనే డబ్బులెక్కడివి? మెస్సు నుంచి గుప్పెట్లో రెండు మెతుకులు దాచుకొచ్చి, నలిపి అంటించేవాళ్ళం. బొమ్మ గాబ్రియేలా సబాటినిది. నుదుటికి కట్టిన పట్టీ, చేతిలో రాకెట్టు, చూపు ఎటో.

మా తమ్ముడి కొడుకు పక్కనే ఉన్నాడు. "ఎవరు పెదనాన్నా ఈవిడ, సినిమా యాక్టరా?" అన్నాడు. అర్జెంటీనా టెన్నిస్ ప్లేయరని చెప్పాను. వాడు ఫోన్లో చూసి, "ఒక్కటే గ్రాండ్‌స్లామా? దీనికా మూడేళ్ళు గోడ మీద పెట్టుకున్నావు?" అన్నాడు. జవాబు నోటిదాకా వచ్చి ఆగిపోయింది. వాడి లెక్కలో తప్పు లేదు. టెన్నిస్‌లో గ్రాండ్‌స్లామ్‌లనే నాలుగు పెద్ద టోర్నీల్లో ఆవిడ గెలిచింది 1990 యూఎస్ ఓపెన్ ఒక్కటే. 26 ఏళ్ళకే ఆట మానేసింది కూడా.

ఆ రోజుల్లో టెన్నిస్ చూసినవాళ్ళు ఈ ఫోరంలో బానే ఉన్నారని తెలుసు. వాడికి ఏం చెప్పమంటారు?

స్కోరుబోర్డు శాస్త్రి:

ముందు అంకెలు, తర్వాత కబుర్లు. పుట్టింది 1970 మే 16, బ్యూనస్ ఎయిరీస్. సింగిల్స్ టైటిళ్ళు 27. ర్యాంకు 3 దాకా వెళ్ళింది, 1989లో. గ్రాండ్‌స్లామ్ సెమీఫైనళ్ళు 18. ఆస్ట్రేలియాలో 4, పారిస్‌లో 5, వింబుల్డన్‌లో 4, న్యూయార్క్‌లో 5. అందులో దాటింది మూడే. ఆ మూడు ఫైనళ్ళలోనూ నెట్‌కి అవతల నిలబడింది ఒకే మనిషి, జర్మనీ స్టెఫీ గ్రాఫ్. 1988 యూఎస్ ఓపెన్ ఓడింది, 1990లో అక్కడే గెలిచింది, 1991 వింబుల్డన్ ఓడింది.

ఒక్కటేనా అని ఆశ్చర్యపోయే ముందు మీ అబ్బాయిని ఆ మిగతా పదిహేను సెమీస్‌లో ఏమైందో చూడమనండి.

గ్రాఫ్ భక్తుడు:

ఏమైందంటే గ్రాఫ్ అయింది. ముఖాముఖి మ్యాచుల్లో గ్రాఫ్ 29, సబాటిని 11. చర్చ ముగిసింది, అందరూ భోజనాలకి లేవండి.

బ్యాక్‌హ్యాండ్ భారతి:

భోజనం తర్వాత చేద్దురుగాని భక్తుడు గారూ, ఆ 11 సంగతి కొంచెం చూడండి. మీ దేవతని అన్నిసార్లు ఓడించినవాళ్ళు మరొకరు లేరు. ఆ కాలపు మేటి ఆటగత్తెల్లో నవ్రతిలోవా 9 సార్లు, సెలెస్ 5 సార్లు. 1988లో గ్రాఫ్ నాలుగు గ్రాండ్‌స్లామ్‌లూ గెలిచింది, సియోల్‌లో ఒలింపిక్ స్వర్ణమూ గెలిచింది. ఆ ఏడాది మొత్తం మీద ఆమె ఓడింది మూడే మ్యాచులు. ఒకటి పామ్ ష్రైవర్ చేతిలో. మిగతా రెండూ ఫ్లోరిడాలో, ఈ పదిహేడేళ్ళ పిల్ల చేతిలో.

నేను ఇరవై ఏళ్ళుగా పిల్లలకి టెన్నిస్ నేర్పుతున్నాను కాబట్టి కొంచెం కోర్టు భాషలో చెప్తాను, విసుక్కోకండి. కుడిచేతి వాళ్ళు తమ ఎడమవైపుకొచ్చిన బంతిని కొట్టేది బ్యాక్‌హ్యాండ్, కుడివైపుది ఫోర్‌హ్యాండ్. గ్రాఫ్ బ్యాక్‌హ్యాండ్ దాదాపు ఎప్పుడూ స్లైసే. బంతిని కింద నుంచి కోసినట్టు కొడుతుంది. అది నేలకి తగిలాక పైకి లేవదు, జారిపోతుంది. అవతలివాళ్ళకి మోకాళ్ళు వంచి దాన్ని ఎత్తడంతోనే సరిపోయేది. ఎత్తిన బంతిని గ్రాఫ్ ఫోర్‌హ్యాండ్ ఏం చేసేదో మీకు నేను చెప్పక్కర్లేదు.

సబాటినిది ఒంటిచేతి బ్యాక్‌హ్యాండే గానీ టాప్‌స్పిన్, అంటే బంతి ముందుకు గిర్రున తిరిగేలా కొట్టడం. భుజం పూర్తిగా తిప్పి, రాకెట్టు తలని బంతికన్నా కిందికి దించి, అక్కణ్ణించి తల పైదాకా ఊపేది. అలా కొట్టిన బంతి నేలని తాకి గ్రాఫ్ భుజం ఎత్తుకి ఎగిరేది. భుజం ఎత్తులో వచ్చిన బంతిని స్లైస్ చేసి చూడండి, కోత పడదు, తేలిపోతుంది. తేలిన బంతి కోసం నెట్ దగ్గర ఒకళ్ళు కాచుకుని ఉంటే పాయింటు వాళ్ళదే. కానీ 1990 దాకా సబాటిని ఆ ముందుకొచ్చే పనే చేసేది కాదు. బేస్‌లైన్ (కోర్టు చివరి గీత) వెనక నిలబడి, మట్టికోర్టు పిల్లలాగా, ఎంతసేపైనా తిరగ్గొడుతూ ఉండేది. మూడో సెట్ వచ్చేసరికి కాళ్ళు బరువెక్కేవి.

కరీంనగర్ శీను:

మేడం, మరి గా ముందటికొచ్చుడు ఎవ్వరు నేర్పిన్రు?

బ్యాక్‌హ్యాండ్ భారతి:

కార్లోస్ కిర్మైర్ అని బ్రెజిల్ ఆటగాడు శీనూ. అంతకుముందు చిలీ కోచ్ పాట్రిసియో అపే దగ్గర, తర్వాత స్పెయిన్ కోచ్ ఆంగెల్ హిమెనెజ్ దగ్గర ఉంది. 1990 ఫ్రెంచ్ ఓపెన్లో నాలుగో రౌండ్‌లో నొవొత్నా చేతిలో ఓడాక కిర్మైర్ వచ్చాడు. ఆయన పెట్టిన షరతల్లా ముందుకెళ్ళమనే. వింబుల్డన్‌లో సెమీస్, ఆ వెంటనే న్యూయార్క్‌లో కప్పు. అంతా దాదాపు మూడు నెలల్లోనే. ఫైనల్ స్కోరు 6–2, 7–6.

డాలస్ ప్రసాదు:

ఆ మ్యాచ్ నేను స్టేడియంలో చూశాను. గొప్పకి చెప్పడం లేదు, నిజానికి సిగ్గుపడాల్సిన కథ.

అప్పుడు న్యూజెర్సీలో ఎమ్మెస్ చేస్తున్నాను. ముగ్గురం కలిసి శనివారం టికెట్లు కొన్నాం. అప్పట్లో యూఎస్ ఓపెన్ చివరి శనివారం మగవాళ్ళ సెమీస్ రెండూ ఉండేవి, మధ్యలో ఆడవాళ్ళ ఫైనల్. మేం వెళ్ళింది మెకన్రోని చూద్దామని. ఆ రోజు ఆయన్ని శాంప్రాస్ అనే పంతొమ్మిదేళ్ళ కుర్రాడు ఇంటికి పంపించాడనుకోండి, అది వేరే దుఃఖం. ఆడవాళ్ళ ఫైనల్ మొదలయ్యేసరికి మా వాళ్ళిద్దరూ "ఎలాగూ గ్రాఫే కదా, ఏదైనా తినొద్దాం" అన్నారు. నేనూ వెళ్ళాను. ఒక్కో శాండ్‌విచ్ కోసం ఇరవై నిమిషాలు లైనులో నిలబడి పైకొచ్చి చూస్తే మొదటి సెట్ అయిపోయింది. సబాటిని 6–2.

మా సీట్లు ఆకాశంలో ఉండేవి. అంత పైనుంచి మొహాలు కనపడవు, ఆట గీతల్లాగా కనపడుతుంది. అందుకే భారతి గారు చెప్పింది నాకు ఆ రోజే కళ్ళకి కట్టింది. ఒక చుక్క ఎప్పుడూ వెనక గీత దగ్గర అటూ ఇటూ తిరుగుతోంది, రెండో చుక్క ప్రతి రెండు మూడు దెబ్బలకీ నెట్ దాకా వస్తోంది. వెనక తిరిగే చుక్క గ్రాఫ్. రెండో సెట్ టైబ్రేక్ (6–6 దగ్గర సెట్‌ని తేల్చే గేమ్) దాకా వెళ్ళినప్పుడు మాత్రం స్టేడియం అంతా గాబీ, గాబీ అని ఒకటే అరుపు.

తినొద్దామన్నవాళ్ళలో ఒకడు ఇప్పటికీ ఆ మ్యాచ్ మొత్తం చూశానని చెప్తుంటాడు.

స్కోరుబోర్డు శాస్త్రి:

ప్రసాదు గారూ, టైబ్రేక్ 7–4. అర్జెంటీనా తరఫున సింగిల్స్ గ్రాండ్‌స్లామ్ గెలిచిన మొదటి మహిళ ఆవిడే, ఇప్పటికీ ఆవిడొక్కతే. దక్షిణ అమెరికా మొత్తం తీసుకుంటే ముందు బ్రెజిల్ మరియా బ్యూనో ఉంది. 1959 నుంచి 1966 లోపల వింబుల్డన్ మూడు, యూఎస్ నాలుగు.

కొత్త కుర్రాడు:

అందరికీ నమస్కారం. నాకు 22, యూట్యూబ్‌లో పాత మ్యాచులు చూస్తుంటా. ఒక సందేహం సార్. ఆవిడ గెలిచినా ఓడినా ఒకేలా ఉంటారేంటి? మాట్లాడమంటే ముక్తసరిగా రెండు ముక్కలు. పొగరా?

గోడమీది పోస్టరు:

పొగరు కాదు బాబూ, బిడియం. మామూలు బిడియం కూడా కాదు. ఆవిడే చాలా ఏళ్ళ తర్వాత చెప్పుకుంది: చిన్నప్పుడు టోర్నమెంట్ ఫైనల్ గెలిస్తే అందరి ముందూ మైకు పట్టుకుని మాట్లాడాలి కదా, ఆ భయానికి సెమీఫైనల్లోనే కావాలని ఓడిపోయేదట.

గ్రాఫ్ భక్తుడు:

ఆగండాగండి. శాస్త్రి గారూ, మీ పదిహేను సెమీస్ చిక్కు వీడింది!

బ్యాక్‌హ్యాండ్ భారతి:

అది చిన్నప్పటి మాట అని చెప్తున్నారు కదండీ. 1985లో ఫ్రెంచ్ ఓపెన్ సెమీస్‌లో ఓడినప్పుడు ఆ పిల్లకి పదిహేనేళ్ళు, అవతల క్రిస్ ఎవర్ట్. 1986 వింబుల్డన్ సెమీస్‌లో అవతల నవ్రతిలోవా. 1987 పారిస్‌లో మీ గ్రాఫ్, మూడో సెట్ 7–5. వీళ్ళ చేతిలో ఓడటానికి కావాలని ప్రయత్నం చెయ్యక్కర్లేదు.

ఒక్కటి మాత్రం ఒప్పుకుంటాను. నా దగ్గరికొచ్చే పిల్లల్లో అలాంటివాళ్ళని చూశాను. ఒకమ్మాయి ప్రాక్టీసులో అందర్నీ చితగ్గొట్టేది. మ్యాచ్‌లో 5–2 మీద ఉండగా నా వైపు చూసేది, "గెలవనా మాస్టారూ?" అని అడిగినట్టు. దాన్ని భయం అనలేం. గెలిస్తే అందరూ తన వైపు చూస్తారే అన్న ఇబ్బంది.

కరీంనగర్ శీను:

గాబీది గూడ గట్లనే ఉంటదా మేడం? 5–4 మీద?

గోడమీది పోస్టరు:

శీనూ, ఆ 5–4 మాటెత్తి నా గాయం కెలికావు. ఇక చెప్పకుండా ఉండలేను.

1991 జూలై, శనివారం. గుంటూరులో హాస్టల్. వేసవి సెలవులైనా సప్లిమెంటరీల పుణ్యమా అని పదిహేనుమందిమి ఉన్నాం. కామన్ రూములో బ్లాక్ అండ్ వైట్ టీవీ, దూరదర్శన్‌లో వింబుల్డన్ ఫైనల్. గ్రాఫ్ పక్షం పదిమంది, మా పక్షం అయిదుగురం. ఆ ఏడాది మాకు తల ఎత్తుకునే కారణం ఉంది. అప్పటికే సబాటిని అయిదు టైటిళ్ళు గెలిచింది. వింబుల్డన్‌కి ముందు గ్రాఫ్‌ని వరసగా అయిదుసార్లు ఓడించింది. అప్పటి నంబర్ వన్ సెలెస్ ఆ వింబుల్డన్‌కి రానేలేదు. నంబర్ వన్ అనే మాట మొదటిసారి ఆవిడ పేరు పక్కన వినపడుతున్న రోజులు.

మొదటి సెట్ గ్రాఫ్ 6–4. రెండోది మనది 6–3. మూడో సెట్‌లో సబాటిని 5–4, మ్యాచ్ కోసం సర్వ్ చేస్తోంది, అంటే ఈ గేమ్ గెలిస్తే కప్పు మనదే. మా వాడొకడు అప్పటికే మిఠాయి కొట్టుకి పంపడానికి డబ్బులు పోగుచేస్తున్నాడు. ఆ గేమ్ పోయింది. 5–5. గ్రాఫ్ సర్వ్ చేసిన గేముని సబాటిని గెలుచుకుంది, 6–5. మళ్ళీ మ్యాచ్ కోసం సర్వ్. గెలుపు రెండు పాయింట్ల దూరంలో ఉంది.

కరెంటు పోయింది.

ఆ చీకట్లో పదిహేనుమందిమి ఎంతసేపు కూచున్నామో తెలీదు. ఎవరో ట్రాన్సిస్టర్ తెచ్చి తిప్పారు, గరగర తప్ప ఏమీ రాలేదు. వాడు పోగుచేసిన డబ్బులు తిరిగి ఇవ్వలేదు, గెలిచే ఉంటుందన్న ధీమా. కరెంటు వచ్చేసరికి తెర మీద వేరే కార్యక్రమం. మర్నాడు పొద్దున్నే పేపరు వేసే కుర్రాడి కోసం గేటు దగ్గర కాపు కాశాను. 6–4, 3–6, 8–6. పళ్ళెం ఎత్తుకున్నది గ్రాఫ్.

ఆ రెండు గేముల్లో ఏం జరిగిందో నేను మళ్ళీ చూసింది ఇరవై ఏళ్ళ తర్వాత, ఇంటర్నెట్లో. చూడకపోతేనే బాగుండేది. రెండో సర్వ్ అలా మెల్లగా వెళ్ళి పడుతుంటే, మన ఆవకాయ జాడీ జాగ్రత్తగా దించినట్టు ఉంది.

గ్రాఫ్ భక్తుడు:

ఇది చదివాక వెటకారం చెయ్యబుద్ధి కావట్లేదు. నేను ఆ రోజు కరెంటున్న ఊళ్ళో ఉన్నాను, పండగ చేసుకున్నాం. ఒక్కమాట: గ్రాఫ్‌కి కూడా అది తేలికైన ఏడాది కాదు. 186 వారాలు ఏలిన నంబర్ వన్ ఆ మార్చిలోనే సెలెస్‌కి వదిలేసుకుంది. ఆ ఫైనల్ పోయుంటే కథ ఇంకోలా ఉండేదేమో. అయినా మిఠాయి డబ్బులు తిరిగొచ్చాయా లేదా?

గోడమీది పోస్టరు:

రాలేదు. వాడిప్పుడు చార్టర్డ్ అకౌంటెంటు.

బ్యాక్‌హ్యాండ్ భారతి:

పోస్టరు గారి జాడీ పోలిక మా పిల్లలకి చెప్తాను, సర్వ్ ఎలా చెయ్యకూడదో. కానీ మనసు బలహీనం, గుండె చాలదు అనే మాటలు నేను ఒప్పుకోను. ఆవిడ సర్వ్‌లోనే లోపం ఉంది. భుజం బలం ఉన్నా బంతి ఎగరేసే చోటు నిలకడగా ఉండేది కాదు. మొదటి సర్వ్ పడకపోతే రెండోది మెత్తగా వచ్చేది, దాని మీద ఎవరైనా అడుగు ముందుకేసి కొట్టేవాళ్ళు. 2–2 మీద అది పెద్దగా తెలియదు. 5–4 మీద సర్వ్ చెయ్యాల్సి వచ్చినప్పుడు ఆ లోపమే మొహమ్మీదికి వస్తుంది. చూసేవాళ్ళం దానికి భయం అని పేరు పెడతాం.

స్కోరుబోర్డు శాస్త్రి:

భారతి గారి మాటకి సాక్ష్యం కావాలంటే 1993 ఫ్రెంచ్ ఓపెన్ క్వార్టర్‌ఫైనల్ చూడండి. మేరీ జో ఫెర్నాండెజ్ మీద మనావిడ 6–1, 5–1. ఇంకొక్క గేమ్. మ్యాచ్ పాయింట్లు (గెలుపుకి ఒక్క పాయింటు దూరం) అయిదు వచ్చాయి, అయిదూ పోయాయి. చివరికి ఫెర్నాండెజ్ గెలిచింది, 1–6, 7–6, 10–8. మూడు గంటల 34 నిమిషాలు.

ఆ తర్వాత చాలా కాలం ఆవిడ పాత మనిషి కాలేదు. 1992 మే తర్వాత మళ్ళీ టైటిల్ గెలిచింది 1994 నవంబరులో. రెండున్నరేళ్ళు.

కరీంనగర్ శీను:

5–1 నుంచా? అమ్మో. నేనైతే రాకెట్ గోదావరిల పారేస్తుంటి.

డాలస్ ప్రసాదు:

ఆ 1994 నవంబరు టైటిల్ ఎక్కడ గెలిచిందో కూడా చెప్పాలి కదా శాస్త్రి గారూ. న్యూయార్క్ మాడిసన్ స్క్వేర్ గార్డెన్లో, ఏడాది చివర జరిగే ఛాంపియన్‌షిప్. అప్పట్లో దాని ఫైనల్ ఆడవాళ్ళకి కూడా అయిదు సెట్లు. లిండ్సే డావెన్‌పోర్ట్‌ని మూడు వరస సెట్లలో ఓడించింది. ఆ గార్డెన్ అంటే ఆవిడకి ఏదో ఋణం ఉంది. 1988లో అక్కడే మొదటిసారి గెలిచింది. 1990లో అక్కడే సెలెస్‌తో అయిదు సెట్లు ఆడి ఓడింది, 6–4, 5–7, 3–6, 6–4, 6–2. ఆడవాళ్ళు అయిదో సెట్ ఆడటం 1901 తర్వాత అదే మొదలు. చివరికి ఆట మానేస్తున్నానని చెప్పింది కూడా 1996 అక్టోబరులో అక్కడే.

కొత్త కుర్రాడు:

ఆడవాళ్ళ మ్యాచ్ అయిదు సెట్లా! నాకు ఇప్పటిదాకా తెలీదు.

స్కోరుబోర్డు శాస్త్రి:

1984 నుంచి 1998 దాకా ఆ ఒక్క ఫైనల్‌కే. రోమ్ గురించి కూడా ఎవరూ చెప్పలేదు. ఇటాలియన్ ఓపెన్ నాలుగుసార్లు, 1988, 89, 91, 92. 1991లోనూ 92లోనూ సెలెస్ మీదే గెలిచింది. సబాటిని అన్నది ఇటలీ ఇంటిపేరు కావడం వల్ల రోమ్ జనం ఆవిడని తమ పిల్లే అనుకునేవారు.

బ్యాక్‌హ్యాండ్ భారతి:

రోమ్ అంటే ఇంకొకటి గుర్తుకొచ్చింది. 1993 ఏప్రిల్ 30న హాంబర్గ్‌లో సెలెస్‌ని కోర్టులోనే ఒకడు కత్తితో పొడిచాడు కదా. ఆమె తిరిగొచ్చేదాకా ర్యాంకు అలాగే ఉంచాలా వద్దా అని కొద్దిరోజులకి రోమ్‌లో పైవరస క్రీడాకారిణుల్ని అడిగారు. వద్దనే అన్నారు, ఒకళ్ళు తప్ప. ఓటు వెయ్యకుండా పక్కకి జరిగింది సబాటిని ఒక్కతే. కప్పుల లెక్కలో ఇది రాదు. మీ తమ్ముడి కొడుక్కి నేనైతే ముందు ఇది చెప్తాను.

గ్రాఫ్ భక్తుడు:

ఓటు వెయ్యకపోవడం, వద్దనకపోవడం ఒకటేనా మేడం? ధైర్యముంటే "ఉంచండి" అని చెయ్యెత్తొచ్చుగా. తటస్థం అంటే నాకెప్పుడూ అనుమానమే.

బ్యాక్‌హ్యాండ్ భారతి:

మైకు భయానికి సెమీస్ వదులుకున్న పిల్ల, గదిలో అందరూ ఒకవైపు ఉంటే తను ఆ వైపు వెళ్ళకపోవడమే పెద్ద మాట భక్తుడు గారూ. చెయ్యెత్తి ఉండాల్సింది, నిజమే. మీ దేవతైనా ఎత్తేదంటారా?

గ్రాఫ్ భక్తుడు:

నా దేవత జోలికొస్తే…

మోడరేటర్:

దేవతల జోలికి ఎవరూ పోవద్దు. విషయం మీద ఉండండి.

డాలస్ ప్రసాదు:

గొడవెందుకు, దేవతలిద్దరూ ఒకే జట్టులో ఆడారు. 1988 వింబుల్డన్ డబుల్స్ కప్పు గ్రాఫ్, సబాటిని కలిసే గెలిచారు. ఫైనల్ మూడో సెట్ 12–10. ఫ్రెంచ్ ఓపెన్ డబుల్స్‌లో మూడుసార్లు ఫైనల్ దాకా వెళ్ళారు. ఆ 1988 వింబుల్డన్ అయిన రెండు నెలలకే న్యూయార్క్‌లో సింగిల్స్ ఫైనల్లో ఎదురెదురు. ఇద్దరూ మాట్లాడని మనుషులే, పాయింట్ల మధ్య ఏం చెప్పుకునేవారో.

గ్రాఫ్ భక్తుడు:

"నీది", "నాది". డబుల్స్‌కి ఆ రెండు మాటలు చాలు.

కరీంనగర్ శీను:

ఇగ నేనొక మాట చెప్త, తప్పైతే మన్నించున్రి. అందరు 26 ఏండ్లకే ఇడిచిపెట్టిందని బాధ పడుతున్నరు. నేను జిల్లా తరఫున కబడ్డీ ఆడిన. 24 ఏండ్లప్పుడే నాకు ఆట మీద మనసు పోయింది. గ్రౌండ్‌కు పోవాల్నంటే పొద్దుగాల కడుపుల దేవినట్టయ్యేది. కని మా బాపు, దోస్తులు "ఇంకొక్క సీజన్, ఇంకొక్క సీజన్" అన్నరు. మూడేండ్లు గట్లనే ఆడిన. ఆఖరుకు మోకాలు పోయింది. ఇప్పుడు మెట్లెక్కుతె కటకటమంటది. ఇష్టం లేనోడు ఆడితె ఒళ్ళు సుత ఇనది. గాబీ గా మూడేండ్లు మిగుల్చుకున్నది. నేను మిగుల్చుకోలే.

గోడమీది పోస్టరు:

శీనూ, మన్నించడానికేముంది తమ్ముడూ.

1996 నాటికి ఆవిడకి పొట్ట కండరం గాయమై నెలల తరబడి ఆట లేదు. తిరిగొచ్చాక జ్యూరిక్‌లో మొదటి రౌండ్‌లోనే కాప్రియాటి చేతిలో ఓడింది. అదే ఆఖరి మ్యాచ్. ఆ వార్త చదివినప్పుడు నాకు ఉద్యోగం వచ్చి ఆరు నెలలు. ఇంకో మూడేళ్ళు ఆడితే ఒక ఫ్రెంచ్ ఓపెన్ వచ్చేది కదా అని తిట్టుకున్నాను. నువ్వు చెప్పింది అప్పుడు తట్టలేదు. ఎంతైనా నా గోడ మీద బొమ్మ కదా, నాకోసం ఆడాలనిపించేది.

కొత్త కుర్రాడు:

మానేశాక ఏం చేశారు సార్? కోచింగా, కామెంటరీయా?

డాలస్ ప్రసాదు:

మైకంటే భయపడే మనిషి కామెంటరీ ఏం చెప్తుంది బాబూ. సెంటు వ్యాపారం. 1989లోనే, ఆడుతుండగానే, ఒక జర్మన్ కంపెనీ ఆవిడ పేరుతో సెంటు తెచ్చింది. మానేశాక ఆ పనిలోనే ఉంది. 2006లో టెన్నిస్ హాల్ ఆఫ్ ఫేమ్‌లో చేర్చుకున్నారు. బ్యూనస్ ఎయిరీస్‌లో నది ఒడ్డున ఆటగాళ్ళ విగ్రహాల వరుస ఉంది, అందులో ఆవిడదీ పెట్టారు. ఆవిడ పేరుతో ఒక గులాబీ రకం కూడా ఉంది.

గ్రాఫ్ భక్తుడు:

ఆ సెంటు నాకు తెలుసు! మా బావ దుబాయ్ నుంచి మా అక్కకి తెచ్చాడు. అక్క దాన్ని పెళ్ళిళ్ళకి తప్ప తీసేది కాదు. సీసా మీద పేరు చదివి నేను ముట్టుకునేవాణ్ణి కాదు, పార్టీ వ్యతిరేకత కదా. ఒకసారి దొంగతనంగా కొట్టుకున్నాను. వాసన బానే ఉంది, ఒప్పుకుంటున్నాను.

కరీంనగర్ శీను:

దేవత అలిగిందా అన్నా?

గ్రాఫ్ భక్తుడు:

ఆ వారమే ఇంజినీరింగ్ గణితం పోయింది.

స్కోరుబోర్డు శాస్త్రి:

సబాటిని తర్వాత అక్కణ్ణించి ఎవరొచ్చారని కూడా చూడాలి. అర్జెంటీనా నుంచే పావోలా సువారెజ్, డబుల్స్‌లో ఎనిమిది గ్రాండ్‌స్లామ్‌లు, అన్నీ స్పెయిన్ రువానో పాస్కువల్‌తో. సింగిల్స్‌లో 2004 ఫ్రెంచ్ ఓపెన్ సెమీస్. మన సానియా పేరు మోగుతున్న రోజుల్లోనే ఆడింది కాబట్టి హైదరాబాదు వాళ్ళకి గుర్తుండొచ్చు. 2020లో పొడొరొస్కా క్వాలిఫయింగ్ ఆడి వచ్చి పారిస్‌లో సెమీస్ దాకా వెళ్ళింది. 2023లో బ్రెజిల్ హద్దాద్ మాయా కూడా అక్కడే సెమీస్. సింగిల్స్ కప్పు మాత్రం దక్షిణ అమెరికా ఆడపిల్లల చేతికి 1990 తర్వాత రాలేదు.

బ్యాక్‌హ్యాండ్ భారతి:

సెమీస్, సెమీస్, సెమీస్. ఆ ఖండం జాతకంలోనే ఉన్నట్టుంది.

శాస్త్రి గారూ, ఒలింపిక్స్ వదిలేశారు. 1924 తర్వాత టెన్నిస్‌కి మళ్ళీ పతకాలిచ్చింది 1988 సియోల్‌లో. ప్రారంభోత్సవంలో అర్జెంటీనా జెండా పట్టుకుని నడిచింది సబాటిని. ఆ దేశానికి ఆసారి వచ్చినవి రెండే పతకాలు. ఆవిడ రజతం, మగవాళ్ళ వాలీబాల్ కాంస్యం.

డాలస్ ప్రసాదు:

అంత బిడియం ఉన్న పిల్ల దేశం మొత్తం ముందు జెండా పట్టుకుని నడవడం!

బ్యాక్‌హ్యాండ్ భారతి:

జెండా పట్టుకుంటే మాట్లాడక్కర్లేదు కదండీ.

గోడమీది పోస్టరు:

ఇవన్నీ మా వాడికి చదివి వినిపించాను. సెలెస్ ఓటు దగ్గర ఫోన్ పక్కన పెట్టాడు. శీను రాసింది రెండుసార్లు చదివాడు. వాడూ క్రికెట్ అకాడమీ మానేద్దామా అని ఊగిసలాడుతున్నాడని నాకు నిన్ననే తెలిసింది. ఇంట్లో ఎవరికీ చెప్పలేదట. దాని సంగతి మేం చూసుకుంటాం. 1990 ఫైనల్ మాత్రం ఇద్దరం కూచుని మొత్తం చూశాం. ప్రసాదు గారు శాండ్‌విచ్ లైనులో ఉన్న మొదటి సెట్‌తో సహా. చూశాక వాడన్న మాట, "పెదనాన్నా, ఆ బ్యాక్‌హ్యాండ్ స్లో మోషన్లో ఇంకోసారి పెట్టు."

కొత్త కుర్రాడు:

సార్, పోస్టరు ఫోటో పెట్టండి ప్లీజ్.

స్కోరుబోర్డు శాస్త్రి:

వెనక వైపు ఏముందో కూడా చూడండి. దాన్ని బట్టి ఏ ఏడాది సంచికో చెప్పేస్తాను.

గోడమీది పోస్టరు:

ఇప్పుడే తిప్పి చూశాను శాస్త్రి గారూ. ఒక వైపు ఎవరో బ్యాట్స్‌మన్. ప్యాడ్లున్నాయి, బ్యాటుంది, నడుం దాకా చొక్కా ఉంది. ఆ పైన అన్నం మెతుకు అంటుకుని తల ఊడిపోయింది. మణికట్టు తిప్పిన తీరు చూస్తే అజారుద్దీనే అనిపిస్తోంది.

స్కోరుబోర్డు శాస్త్రి:

చొక్కా తెలుపా, రంగా? దగ్గర్నుంచి ఒక ఫోటో తీసి పెట్టండి, నేను మేలుకునే ఉంటాను.